ఎడారిలో గీత గీయబోతున్న మేనకోడలికి

చి. మేఘనకు,

అత్త ఆశీస్సులు.

మీ నాన్న ఫోన్ చేసి, "అక్కా, నీ మేనకోడలు ఎడారిలో ఏదో గీత గీస్తుందంట, దానికి యూనివర్సిటీ వాళ్లు డబ్బు కూడా ఇస్తున్నారంట" అన్నాడు. కోపంతో అన్నాడో గర్వంతో అన్నాడో వాడికే తెలిసినట్టు లేదు. నువ్వు రాసిన ప్రపోజల్ నాకు కూడా పంపించాడు. చదువుతుంటే ముందు భలే రాసిందే అనుకున్నాను, నాలుగో పేజీకి వచ్చేసరికి బీపీ మాత్ర కోసం వెతుక్కున్నాను. జూన్‌లో అరిజోనాలోని టెంపే నుంచి ఒక చిన్న కారులో, ఒక స్నేహితురాలితో, యూటా దాకా వెళ్లి, స్పైరల్ జెట్టీ, సన్ టనెల్స్ అనే ఎడారి కళాఖండాలు చూసుకుని, అక్కడి నుంచి నెవాడా సరిహద్దు దగ్గర ఎండిపోయిన సరస్సు మీద రాళ్లు ఏరి ఒక కిలోమీటరు గీత పేరుస్తావా? అక్కడ సిగ్నల్ ఉండదని నువ్వే రాశావు, అదేదో గొప్ప విషయమైనట్టు.

మీ నాన్న బాధ నాకు అర్థమవుతుంది. మా అమ్మమ్మగారి ఊరు కణేకల్లు పక్కన. హగరి ఏటి ఇసుక ఆషాఢం గాలికి లేచి వచ్చి పొలాల మీద పడేది. దిబ్బలు దిబ్బలుగా. మా మేనమామ ప్రతి ఏడూ గట్టున కంప నాటేవాడు, ప్రతి ఏడూ ఇసుక ఆ కంపను కూడా మింగేది. మీ నాన్న, నేను చదువుకుని బయటపడ్డది ఆ ఇసుక నుంచే. ఇప్పుడు వాడి కూతురు అప్పు చేసి అమెరికా వెళ్లి, చదువుకని చెప్పి మళ్లీ ఎడారికే పోతానంటే వాడికి ఎలా ఉంటుంది? "అందం ఏముంది అక్కా అక్కడ?" అని అడిగాడు. వాడికి నేను చెప్పిన జవాబు వేరే. నీకు చెప్పాల్సింది ఈ ఉత్తరంలో రాస్తున్నాను.

ముందు తేలిక విషయాలు. మనిషికి రోజుకు ఒక గ్యాలన్ నీళ్లు, దాని మీద రెండు రోజులకు సరిపడా అదనం. కారులో స్పేర్ టైరు పూర్తి సైజుది ఉండాలి, ఆ చిన్న డోనట్ చక్రం గులకరోడ్డు మీద పనికి రాదు. టైరులో గాలి నింపే చిన్న పంపు. కాగితం మ్యాపు. పెట్రోలు సగానికి వచ్చేలోపే నింపుకోవాలి. స్పైరల్ జెట్టీకి వెళ్లేటప్పుడు గోల్డెన్ స్పైక్ పార్కు దగ్గరే బాత్రూమ్ పని ముగించుకో, ఆ తర్వాత దాదాపు 15 మైళ్లు మట్టిరోడ్డే. స్వెట్టర్ పెట్టుకో, జూన్ అయినా రాత్రి చలేస్తుంది. శాటిలైట్ మెసేజ్ పంపే పరికరం ఒకటి అద్దెకు తీసుకో, డబ్బులు నేనిస్తాను. దీని మీద వాదన వద్దు.

ఇంకొకటి. పైనుంచి ఫోటో కావాలంటే డ్రోన్ వాడుకో, లేదా మానుకో. ఎవరో తెలిసినవాళ్ల చిన్న విమానం ఉందని ఎక్కకు. ఆ స్పైరల్ జెట్టీ కట్టిన రాబర్ట్ స్మిత్‌సన్ ఎలా పోయాడో నీకు చదువులో చెప్పే ఉంటారు. 1973 జూలైలో, టెక్సస్‌లో అమరిల్లో దగ్గర, తను కట్టబోయే ర్యాంపు స్థలాన్ని పైనుంచి చూస్తూ చూస్తూ విమానం కూలి పోయాడు. పైలట్, ఫోటోగ్రాఫర్ కూడా. అప్పటికి 35 ఏళ్లు. మీ క్లాసులో అది ఒక తేదీ. నాకు మాత్రం, నాన్సీ హోల్ట్ అనే ఒక భార్య ఉంది కదా అన్నదే ముందు తడుతుంది.

ఇప్పుడు ఏవి చూడాలో. నువ్వు లిస్టులో అన్నీ ఒకే వరసలో పెట్టావు. నా లెక్క అలా లేదు.

స్పైరల్ జెట్టీ చూడు, తప్పకుండా చూడు. 1,500 అడుగుల పొడవు, 15 అడుగుల వెడల్పు, నల్ల బసాల్టు రాయి, ఆరు వేల టన్నులకు పైనే. నాకు అందులో నచ్చింది సుడి ఆకారం కాదు. 1970 ఏప్రిల్‌లో పని అయిపోయిందని లారీలు, లోడరు వెళ్లిపోయాక, స్మిత్‌సన్‌కు ఆ ఆకారం నచ్చలేదు. మొదట అది ఒక కొక్కెంలా వంగి చివర గుండ్రంగా ఉండేదట. మళ్లీ కాంట్రాక్టరును పిలిచి రాళ్లు కదిలించి, ఇప్పుడు లోకమంతా చూస్తున్న సుడి చేయించాడు. మా ఆఫీసులో ఎవరైనా అలా అడిగి ఉంటే కాంట్రాక్టరు బిల్లు మొహాన కొట్టేవాడు! రెండేళ్లకే గ్రేట్ సాల్ట్ లేక్ సరస్సు పెరిగి అది మునిగిపోయింది. మళ్లీ నిలకడగా బయటపడింది 2002లో. ఇప్పుడు నీళ్లే వెనక్కి పోయాయి, రాళ్ల చుట్టూ ఉప్పు, ఇసుక. ఆ నీళ్లు ఎర్రగా గులాబీగా ఎందుకుంటాయో తెలుసా? సరస్సును అడ్డంగా కోస్తూ 1959లో రైలు కోసం రాళ్లకట్ట వేశారు. నదుల మంచినీళ్లు దాదాపు అన్నీ దక్షిణం వైపే కలుస్తాయి, ఉత్తరం వైపు ఉప్పు చిక్కబడిపోయింది. ఆ ఉప్పులో బతికే సూక్ష్మజీవుల రంగు అది. స్మిత్‌సన్ ఆ రంగు చూసే అక్కడికి వచ్చాడు. అంటే ఆయన చూసి మురిసిన ప్రకృతిలో సగం రైల్వే ఇంజనీర్ల పని. ఈ మాట మీ ప్రొఫెసర్‌కు చెప్పు.

డబుల్ నెగెటివ్ నీ దారిలోనే ఉంది కాబట్టి వెళ్తావు. 1969లో మైకేల్ హైజర్ అనే కళాకారుడు నెవాడాలో మార్మన్ మేసా అనే బల్లపరుపు గుట్ట అంచున రెండు కందకాలు తవ్వించాడు, 2,40,000 టన్నుల రాయి. లారీకి 20 టన్నులు అనుకున్నా 12,000 లోడ్లు. ఒక మట్టి ఇంజనీరుగా ఆ గోడలు ఎలా జారుతున్నాయో చూడటానికి నాకు బాగుంటుంది. ఒక మనిషిగా అక్కడ నిలబడితే, అడగకుండా ఎవరి ఇంట్లోకో వచ్చినట్టుంటుంది. నీకు వేరేలా అనిపించవచ్చు. అంచుకు మాత్రం దగ్గరగా వెళ్లకు, కింద మట్టి వదులు.

న్యూమెక్సికోలో లైట్నింగ్ ఫీల్డ్ ఈసారికి వదిలెయ్. 400 స్టీలు కడ్డీలు, ఒక మైలు పొడవు, ఒక కిలోమీటరు అడ్డం, ముందే బుక్ చేసుకుని రాత్రి అక్కడి క్యాబిన్‌లోనే ఉండాలి, ఒకసారికి ఆరుగురే. తొందరపడి చూసేది కాదు.

ఇక సన్ టనెల్స్. అక్కడికే వస్తున్నాను, ఎందుకంటే అక్కడే మీ మామ చేసిన పని ఒకటుంది.

మీ మామ సంగతి నీకు తెలుసుగా, చేతిలో కెమెరా ఉంటే ఆకలి కూడా తెలిసేది కాదు. జూన్ 21 సాయంత్రం ఆ కాంక్రీటు గొట్టాల్లోంచి సూర్యుడు అస్తమించడం తీయాలని పట్టుబట్టాడు. వెళ్లాం. బాగుంది, చాలా బాగుంది, ఆ ఎర్రటి ముద్ద సరిగ్గా గుండ్రం మధ్యలో దిగింది. చుట్టూ ఉన్నవాళ్లంతా డేరాలు వేసుకుని పడుకునే ఏర్పాట్లలో ఉన్నారు. మీ మామకు పొద్దున తొమ్మిదికి మీటింగు. రాత్రికే వెళ్లిపోదాం అన్నాడు.

మట్టిరోడ్డు ఒకచోట పెద్ద వంపు తిరుగుతుంది. హెడ్‌లైట్ల వెలుగులో ఆ వంపు దగ్గర ఎండిన సరస్సు మీదుగా తిన్నగా పోయిన టైర్ల గుర్తులు కనిపించాయి. "ఎవరో పోయారుగా, మనమూ పోతాం, పది నిమిషాలు కలిసొస్తుంది" అన్నాడు. ఆ గుర్తులు ఎప్పటివో, ఏ బండివో, ఆ పోయినవాడు అవతలికి చేరాడో లేదో ఎవరికి తెలుసు? ఆ నేల సంగతి నీకు చెప్పాలి. దాన్ని ప్లాయా అంటారు. పైన అప్పడంలా గట్టిగా, తెల్లగా, పగుళ్లతో ఉంటుంది. కింద జిగురు బంకమన్ను, అంతకు వారం ముందు వాన పడి ఉంటే ఇంకా తడిగానే ఉంటుంది. మూడు నాలుగు వందల గజాలు బాగానే వెళ్లాం. తర్వాత ముందు చక్రాలు దిగాయి. మీ మామ యాక్సిలేటర్ తొక్కాడు. తొక్కిన కొద్దీ దిగింది. ఇరుసు నేలకు ఆనేదాకా తొక్కాడు.

అక్కడితో ఆగి ఉంటే అది ఒక కథే కాదు. అప్పుడు దూరంగా ఒక లైటు కనిపించింది. తెల్లగా, కదలకుండా. "ఎవరిదో ఇల్లు, రెండు మైళ్లు కూడా ఉండదు, వెళ్లి సాయం తీసుకొస్తా" అన్నాడు. నేను వద్దన్నాను. బ్యాటరీ పోతుంది, హెడ్‌లైట్లు ఆర్పెయ్ అని చెప్పి, ఒక టార్చి, ఒక నీళ్ల సీసా పట్టుకుని వెళ్లిపోయాడు.

ఎడారిలో లైటు ఎంత దూరంలో ఉందో కంటికి తెలియదమ్మా. మధ్యలో చెట్టు లేదు, గోడ లేదు, పోల్చి చూసుకోవడానికి ఏమీ లేదు. అది ఇల్లు కాదు. ల్యూసిన్ దగ్గర రైలు పట్టాలున్నాయి, అక్కడ క్రాసింగ్ కోసం ఆగి ఉన్న గూడ్సు బండి ఇంజను లైటు. మీ మామ గంటకు పైగా నడిచాక అది కదిలి వెళ్లిపోయింది. ఇక మిగిలింది చీకటి. వెనక్కి తిరిగి చూస్తే కారు లేదు, ఎందుకంటే ఆయన చెప్పినట్టే నేను లైట్లు ఆర్పేశాను. నేను ఆయన ఎంతకీ రాకపోయేసరికి లైట్లు వేశాను, హారన్ కొట్టాను. అప్పటికి వెనక్కి నడిచీ నడిచీ, టార్చి కూడా ఆరిపోయి, ఆయన ఏదో పొద దగ్గర కూర్చుండిపోయాడు. ఆ రాత్రి నేను ఎవరెవరికి మొక్కుకున్నానో చెప్తే నువ్వు నవ్వుతావు. తెల్లవారాక చూస్తే కారుకు అర మైలులోపే ఉన్నాడు, వేరే దిక్కుకు తిరిగి.

పొద్దెక్కాక పశువుల మంద చూసుకునే ఒక ముసలాయన ట్రక్కులో వచ్చి గొలుసు వేసి లాగాడు. డబ్బు తీసుకోలేదు. "అది రోడ్డని మీకెవరు చెప్పారు?" అని ఒక్కటే అడిగాడు. మీ మామ తర్వాత జీవితమంతా ఈ సంగతి "ఆ రోజు రైలు మిస్సయ్యాను" అని జోకుగా చెప్పేవాడు. పక్కన నేను నవ్వేదాన్ని కాదు. ఆయన పోయాక ఆ రోజు ఫోటోలు తీసి చూశాను. ట్రైపాడ్ మర్చిపోయినట్టున్నాడు, చాలావరకు మసకగా వచ్చాయి.

కాబట్టి నువ్వు నాకు మాటివ్వాల్సినవి. ఇంకొకరి టైర్ల గుర్తుల వెంట పోనని. కారు దిగబడితే యాక్సిలేటర్ తొక్కనని. ఏ లైటు కనిపించినా, ఎంత దగ్గరగా అనిపించినా, కారు వదిలి నడవనని. పగలైనా సరే. మనిషిని వెతకడం కంటే కారును వెతకడం సులువు. నీ స్నేహితురాలు వెళ్తానన్నా చెయ్యి పట్టుకుని ఆపు, కోపం వస్తే రానీ. ఇంకో సంగతి, సరిగ్గా 21నే వెళ్లాలని లేదు. ఆ రోజుల్లో సూర్యుడు ఉదయించే చోటు, అస్తమించే చోటు దాదాపు కదలవు, నాలుగు రోజుల తర్వాత వెళ్లినా గొట్టంలోనే దిగుతాడు. జనం ఉండరు, నువ్వు అక్కడే పడుకోవచ్చు. రాత్రి డ్రైవింగ్ వద్దే వద్దు.

ఇక నీ గీత గురించి. రాళ్లు ఏరి పేరుస్తానన్నావు. వద్దు.

రాయి పైన ఆ నల్లటి మెరుపు చూశావా? ఇనుము, మాంగనీసు కలిసిన పలుచని పొర, అది పట్టడానికి వేల ఏళ్లు పడుతుంది. రాయి తిరగేస్తే కింద లేత రంగు. నువ్వు వంద రాళ్లు కదిపితే వంద మచ్చలు, నీ మనవరాలు వచ్చినా కనిపిస్తాయి. మీ దగ్గరి నుంచి పశ్చిమంగా వెళ్తే కాలిఫోర్నియాలో బ్లైథ్ దగ్గర నేల మీద పెద్ద పెద్ద మనిషి బొమ్మలున్నాయి, ఒకటి 171 అడుగులు. అక్కడి ఆదివాసులు ఎప్పుడో ఆ నల్ల రాళ్లు పక్కకు తీసి లేత మట్టి బయటపెట్టి గీసినవి. వాటి మీద జీపు టైర్ల గుర్తులు కూడా పడ్డాయి. ఆ తర్వాతే కంచె వేశారు. బయల్దేరే ముందు ఒక రోజు వెళ్లి ఆ బొమ్మలను, ఆ టైర్ల గుర్తులను పక్కపక్కన చూడు. రెండూ ఒకే పద్ధతిలో పడ్డవే, ఆ నేలకు తేడా తెలియదు.

మంచి ఉద్దేశం ఉంటే చాలనుకోకు. 2014లో పెరూలో, ఎడారి నేల మీద పాతకాలం వాళ్లు గీసిన నాస్కా గీతల దగ్గర, గ్రీన్‌పీస్ అనే పర్యావరణ సంస్థ వాళ్లు వాతావరణం కోసమే పసుపు గుడ్డల అక్షరాలు పరిచారు. గుడ్డలు తీసుకెళ్లారు, అడుగుల జాడలు మిగిలాయి. ఇదే యూటాలో ఎవరో ఎర్రరాతి లోయలో ఒక లోహపు దిమ్మె పాతారు. 2020లో అడవి గొర్రెలు లెక్కపెట్టే హెలికాప్టరు వాళ్లకు కనిపించింది. కొద్ది రోజుల్లో జనం కార్లేసుకుని వచ్చి పొదలన్నీ తొక్కేశారు, చివరికి ఆ తొక్కుడు చూడలేక కొందరు వచ్చి దాన్ని పీకేశారు. పాతినవాడు ఇవన్నీ అనుకుని ఉండడు. పొదల మధ్య నేల మీద నల్లగా గరుగ్గా కనిపించే పొర కూడా ప్రాణమున్నదే, సూక్ష్మజీవులు, నాచు, లైకెన్. అదే ఇసుకను పట్టి ఉంచుతుంది. ఒక్క అడుగు పడితే మళ్లీ కట్టడానికి దశాబ్దాలు. ఆ పొర విలువ కణేకల్లు ఇసుక తిన్నదానిని కాబట్టి నాకు తెలుసు.

ప్రపోజల్‌లో ఆ చోటును "ఖాళీ కాన్వాస్" అన్నావు. అది కొట్టెయ్. అక్కడ షోషోనీ ఆదివాసులు ఉన్నారు, మందలు మేపేవాళ్లున్నారు, రైలుంది, ఆ నేల కింద నీళ్ల దారులున్నాయి. నీకు కనిపించకపోతే ఇంకా రెండు రోజులు కూర్చుని చూడు.

గీత వద్దనడం లేదు. నువ్వు తీసుకెళ్లి నువ్వే తిరిగి తెచ్చుకోగలిగిన దానితో గీయి. గుడ్డ, తాడు, అద్దం, ఏదైనా. లేదా పొద్దుటి నుంచి సాయంత్రం దాకా మారే నీడతో. అది ఎవరి భూమో ముందు తెలుసుకో. ప్రభుత్వ భూమైతే, ఆ భూములు చూసుకునే బీఎల్ఎం ఆఫీసుకు ఫోన్ చేసి, ఏం పెడతావో, ఎన్ని గంటలు పెడతావో చెప్పి అనుమతి అడుగు. కాదంటే వినాలి.

నాన్సీ హోల్ట్ దగ్గర నాకు నచ్చేది ఇదే. ఆమె మొదట ఈ పశ్చిమ ఎడారి చూసింది 1968లో. భర్త పోయిన ఏడాదే, 1973లో, ఆయన తలపెట్టి వదిలిన ర్యాంపును స్నేహితులతో కలిసి పూర్తి చేసింది. తన సొంత పని, సన్ టనెల్స్, ఆలోచన కూడా ఆ అమరిల్లోలోనే పుట్టింది. తర్వాత తగిన చోటు వెతికి 40 ఎకరాలు కొనుక్కుంది, సూర్యుడు ఎక్కడ ఉదయిస్తాడో లెక్కలు కట్టించుకుంది. నాలుగు గొట్టాలు, ఒక్కొక్కటి 18 అడుగులు, 22 టన్నులు. పైన రంధ్రాలు డ్రాకో, పర్సియస్, కొలంబా, మకరం అనే నక్షత్ర మండలాల లెక్కన వేయించింది, కాంతి ఎక్కువున్న నక్షత్రానికి పెద్ద రంధ్రం. 1976కు పూర్తయింది. తర్వాత ఆమె రాసిన వ్యాసంలో ఎవరెవరు పని చేశారో లెక్క ఇచ్చింది: ఇంజనీర్లు, ఖగోళ శాస్త్రజ్ఞులు, సర్వేయరు, గుంతలు తవ్వినవాళ్లు, కాంక్రీటు కోసినవాళ్లు, క్రేన్ నడిపినవాడు, లారీ డ్రైవర్లు. ఈ దేశంలో మట్టి పరీక్షలు, కాంక్రీటు దిమ్మెల పరీక్షలు చేస్తూ రిటైరైనదాన్ని నేను. ఒక కళాకారిణి పనిలో మాలాంటివాళ్లు ఉన్నారని అది చదివాకే తెలిసింది. మీ నాన్న "అందం ఏముంది?" అంటే నేను చెప్పింది ఆ లిస్టు గురించే. వాడు కాసేపు ఆగి, "అయితే సర్వేయరు కావాలా దానికి?" అని అడిగాడు. వాడు ఒప్పుకున్నట్టే, నువ్వు పైకి అనకు.

మన ఇంట్లో బొమ్మలు వేసినవాళ్లు ఎవరూ లేరు. నువ్వు మొదటిదానివి. అందుకే ఇన్ని తిట్లు.

మూడు రోజులు ముందుగా సాల్ట్ లేక్‌కు, నా దగ్గరికి వచ్చెయ్. నీ కారు వదిలి నా ట్రక్కు తీసుకెళ్లు, టైర్లు కొత్తవి. దిగబడితే చక్రాల కింద వేసే పలకలు, పార, గొలుసు వెనకే ఉన్నాయి. అవి ఎలా వాడాలో పెరట్లో ఒకసారి చేసి చూపిస్తాను, నీ స్నేహితురాలికి కూడా. ఆ అమ్మాయి మాంసం తింటుందో లేదో అడిగి చెప్పు, వంట దాన్ని బట్టి చేస్తాను. నేను రాను, మోకాళ్లు సహకరించవు, పైగా నేనొస్తే నీకు పని సాగదు.

ఆదివారం ఫోన్ చెయ్యి. అప్పటికి నాకు జవాబులు కావాలి: గీత దేనితో, భూమి ఎవరిది, వాన పడితే ఎక్కడ ఆగుతారు, రెండో డ్రైవరు ఎవరు.

అత్త